జయప్రకాశ్ రెడ్డి నటనలో సీమ నుడి: గుర్తింపు, పరిమితి

తెలుగు సినిమాలో రాయలసీమ మాండలికం ప్రస్తావన రాగానే గుర్తుకు వచ్చే నటుడు జయప్రకాశ్ రెడ్డి (1946–2020). ఆ నుడిని తెరపై సహజంగా పలికారన్న ప్రశంస ఆయన విషయంలో స్థిరపడింది. ఆ ప్రశంసను అంగీకరిస్తూనే, ఆ సహజత్వం ఏ ప్రయోజనానికి వినియోగపడిందో పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

కర్నూలు జిల్లా శిరివెళ్ళలో జన్మించి, ఉపాధ్యాయ వృత్తిలో ఉంటూ రంగస్థల నటుడిగా రాణించిన ఆయన 'బ్రహ్మపుత్రుడు' (1988)తో సినిమా రంగంలో ప్రవేశించారు. 'ప్రేమించుకుందాం రా' (1997)లోని వీరభద్రయ్య పాత్ర ఆయనకు విస్తృత గుర్తింపు తెచ్చింది. 'సమరసింహారెడ్డి' (1999), 'జయం మనదేరా' (2000) దానిని బలపరిచాయి.

ఈ పాత్రలలో ఆయన పలుకు కేవలం యాసను అనుకరించడం కాదు. పదాంతాన్ని సాగదీయడం, వాక్యం మధ్య ఆగడం, ఇంట్లో మాట్లాడుకునే మాటనే బెదిరింపుగా మార్చడం ఆయన పద్ధతి. అరుపు కన్నా ఆ నింపాదితనమే ప్రేక్షకుణ్ణి ఎక్కువగా భయపెడుతుంది.

అయితే ఈ కథలలో సీమ నుడి ఎవరి నోట వినిపిస్తుందన్నది కీలకమైన ప్రశ్న. వీరభద్రయ్య ఇంట పెరిగిన కూతురి మాట ప్రామాణిక భాషకు దగ్గరగా ఉంటుంది. ప్రేమ ఒక భాషలోనూ పగ మరొక భాషలోనూ పలుకుతాయి. ఈ విభజన నటుడు చేసింది కాదు, రచనలోనే ఉంది. కానీ ఆయన పలుకు ఎంత నిజమనిపించిందో, ఆ నుడి హింసకు చెందినదన్న అబద్ధం కూడా అంతగా నమ్మదగినదైంది. తరువాత 'రెడీ' (2008) వంటి చిత్రాలలో అదే ఆహార్యం, అదే గొంతు హాస్యానికి పనికివచ్చాయి. భయం పోయి నవ్వు వచ్చింది గాని, ముద్ర మాత్రం చెరగలేదు.

ఆయన శక్తి ఆ ముద్రకు పరిమితం కాదనడానికి పూసల రచించిన 'అలెగ్జాండర్' నాటకం నిదర్శనం. ఒకే పాత్ర గల ఆ నాటకంలో కత్తి లేదు, అనుచరగణం లేదు. ఫోనులో మాట్లాడే కనిపించని మనుషులను కేవలం తన వినికిడితో, జవాబుతో ప్రేక్షకుల ముందు నిలపవలసి ఉంటుంది. అక్కడ ఆయన చూపినది ఎదుటివారి మాటను వినే నటన. సినిమా ఆయనకు ఆ అవకాశం అరుదుగా ఇచ్చింది.

నామిని సుబ్రహ్మణ్యం నాయుడు కథలలో చిత్తూరు ప్రాంతపు నుడి ఆకలిని, అమ్మను, పసితనాన్ని మోసింది. కర్నూలుకూ చిత్తూరుకూ గల భేదాన్ని సినిమా పట్టించుకోలేదు. సాహిత్యం సాధించిన ఈ విస్తృతినీ అందుకోలేదు. కనుక సినిమా మాండలికాన్ని అధ్యయనం చేసేటప్పుడు ఉచ్చారణ శుద్ధిని మాత్రమే కాక, ఆ నుడిని ఎవరికి, ఏ సందర్భంలో ఇచ్చారన్నది కూడా పరిశీలించాలి. జయప్రకాశ్ రెడ్డి ప్రతిభకు న్యాయమైన అంచనా, సీమ ప్రజల భాషకు న్యాయమైన స్థానం, రెండూ ఆ పరిశీలనపైనే ఆధారపడి ఉన్నాయి.