ద్వారంవారి కమాను

ఉక్కు కర్మాగారపు సైరను కూతలకును, రేవునకు పోవు లారీల రొదకును అలవాటుపడిన గాజువాకలో కూర్చుండి ఫిడేలును గూర్చి వ్రాయబూనుట వింతగా తోచవచ్చును గాని, ఇచ్చటినుండి ఉత్తరముగా సాగి, విశాఖ దాటి, విజయనగరము చేరినచో, 1919లో వెలసిన మహారాజావారి సంగీత కళాశాల నేటికిని కనబడును. తెలుగువాని ఫిడేలునకు అదియే పుట్టినిల్లు.

ఈ వాద్యము ఇటలీ దేశపు క్రెమోనా నగర శిల్పుల చేతిలో తీరు దిద్దుకొన్నదనియు, దానిని బాలస్వామి దీక్షితులవారు చెన్నపట్టణమున ఒక దొరయొద్ద అభ్యసించి మన సంగీతమున ప్రవేశపెట్టిరనియు పెద్దలు చెప్పుదురు. చరిత్ర అంతటితో చాలును. మనవారు దానిని మనదిగా చేసికొన్న నేర్పే చెప్పుకొనదగినది. పాశ్చాత్యుడు నిలువబడి, గడ్డముక్రింద వాద్యమును బిగించి వాయించును. మన విద్వాంసుడు నేలపై బాసిపట్టు వేసికొని, ఒక కొనను ఎదకు ఆనించి, మరియొక కొనను కుడిపాదముపై నిలుపును. ఇందువలన వాద్యమును మోయవలసిన భారము ఎడమచేతికి తప్పి, వ్రేళ్ళు తంత్రిపై నిరాటంకముగా జారుచు, కంపితమును, జారును, రాగమునకు ప్రాణమైన సమస్త గమకములను పలికింపగలుగును. నాలుగు తంత్రులను షడ్జ పంచమములకు, షడ్జ పంచమములకు శ్రుతి చేసికొనుటయు గాత్రమును అనుసరించుటకు మనవారు కల్పించుకొన్న సౌకర్యమే.

అయినను ఎడమచేయి పలికించునది స్వరము మాత్రమే. దానికి ఊపిరి పోయునది కుడిచేయి. కమాను తంత్రిపై ఎంత బరువున ఆనవలెనో, ఎంత వేగమున నడువవలెనో, బ్రిడ్జికి ఎంత చేరువగా సాగవలెనో ఎరిగి, ఆ మూటిని క్షణక్షణము మార్చుకొనుచు, కమాను దిశ మారినది వినువానికి తెలియకుండ నాదమును తైలధారవలె నిలుపగలవాడే వైణికులకును గాయకులకును సమానుడగు ఫిడేలు విద్వాంసుడు. ఆ సిద్ధి పరిపూర్ణముగా పొందిన మహానుభావుడు ద్వారం వేంకటస్వామినాయుడుగారు.

1893లో బెంగుళూరున జన్మించి, విశాఖపట్టణమున పెరిగి, చూపు మందమైనను అన్నగారి శిక్షణలో వాద్యమును వశము చేసికొన్న ఈ యువకుడు విజయనగర కళాశాలలో విద్యార్థిగా చేరబోయి, ఆచార్యుడుగా నియమింపబడెనని మా ప్రాంతమున కథలుగా చెప్పుకొందురు. ఆదిభట్ల నారాయణదాసుగారి తరువాత 1936లో ఆ కళాశాలకు అధ్యక్షులైరి. పాటకుని వెనుక పక్కవాద్యముగా కూర్చుండవలసిన ఫిడేలును, 1938లో వేలూరున, కచ్చేరికి నాయకవాద్యముగా నిలిపిరి. 1941లో మదరాసు సంగీత అకాడమీ వారిని సంగీత కళానిధి బిరుదముతో సత్కరించినది. 1952లో మనదేశమునకు వచ్చిన యెహూదీ మెనూహిన్ నాయుడుగారి వాదనమును విని మెచ్చుకొనెను. పదునొకండేండ్ల ప్రాయముననే న్యూయార్కులో బేతోవెన్ కాంచెర్టో వాయించి లోకమును అబ్బురపరచిన ఆ విద్వాంసుని మెప్పు సామాన్యమైనది కాదు.

కాంచెర్టో అనగా ఏకవాదకుడు వాద్యబృందముతో కూడియు, దానితో పోటీపడియు నడపు మహారచన. బేతోవెన్, మెండెల్‌సన్, బ్రామ్స్, చైకోవ్‌స్కీ రచించిన వైలిను కాంచెర్టోలు ఆ సాహిత్యమునకు శిఖరములు. అందు బృందమెల్ల మౌనము వహించి, వాదకుడొక్కడే విజృంభించు భాగమును కడెన్జా అందురు. 1806లో తన వైలిను కాంచెర్టోను రచించిన బేతోవెన్ ఆ భాగమును వైలినుకై వ్రాయక వాదకునికే విడిచిపెట్టుటచే, తరువాతివారు తమ తమ శక్తికొలది దానిని పూరించిరి. క్రైస్లర్ వ్రాసినది నేటికిని వాయింపబడుచున్నది. అచ్చట కొన్ని నిమిషములకు పరిమితమైన ఆ స్వాతంత్ర్యము మన కచ్చేరిలో ఆలాపన, తానము, నెరవు, స్వరకల్పనయని గంటలకొలది విస్తరించును. కాగితము చూడక, ముందు వ్రాసికొనక, అప్పటికప్పుడు రాగమును సృజించుచు, పాశ్చాత్యుల కమానునకుగల నిండుతనమును విడువక వాయించుట నాయుడుగారికే చెల్లినది.

సమకాలికులలో మైసూరు చౌడయ్యగారు నాదము పెంపొందించుటకై తంత్రులను ఏడింటికి పెంచిరి. నాయుడుగారు నాలుగింటితోనే సభ నిండించిరి. ఇతర బాణీలను నేను తక్కువచేయను, లాల్గుడివారి లాలిత్యమునకును, పరూరువారి వేగమునకును నమస్కరింతును. కాని నాదశుద్ధి యన్న మాట వచ్చినప్పుడు నా ఓటు ద్వారంవారికే.

ఇంతటి విద్యకు నేడు పట్టిన గతి చూచినచో కడుపు తరుగుకొనిపోవుచున్నది. ఫిడేలునకు కాంటాక్టు మైకు తగిలించి, మెల్లని కమానునకును బలమైన కమానునకును భేదమే లేనట్లు ఒకే హోరుగా వినిపించి, దానిని నాదమనుచున్నారు! మెరుపువేగమున నాలుగు కాలములు పరుగెత్తినవానికి చప్పట్లు, ఒక్క షడ్జమును నిలిపి వినిపించినవానికి నిరాదరము! పెండ్లిమండపములలో కీబోర్డు మీట నొక్కి ఫిడేలు ధ్వని పుట్టించుచున్నారు. ఆ ధ్వనిలో కమాను లేదు, కావున ఊపిరియు లేదు. పసివారికి కొనిపెట్టు ప్లైవుడ్డు ఫిడేళ్ళ సంగతి చెప్పనలవికాదు. బిరడాలు నిలువవు, శ్రుతి నిలువదు, ఆరు మాసములు తిరుగకముందే బాలునికి విద్యమీదనే విరక్తి పుట్టును. దోషము బాలునిదని తలిదండ్రులు నిందింతురు. ఎంతటి అన్యాయము!

ఘంటసాలను, సుశీలను తీర్చిన కళాశాల మనకు చేరువనే యున్నది. కావున గాజువాక, ఉక్కునగరము, విశాఖ సభల నిర్వాహకులకు నా విన్నపము: ఏటికి ఒక్క సాయంకాలమైనను, గాయకుడు లేకుండ, ఫిడేలునకే పూర్తి కచ్చేరి ఏర్పరుపుడు, ఆనాడు కాంటాక్టు మైకును తొలగింపుడు. తలిదండ్రులారా, వాద్యమును కొనుటకు ముందు గురువునకు చూపుడు. మొదటి సంవత్సరము పిల్లవానిచేత కీర్తనలు వాయింపించుమని గురువును తొందరపెట్టక, ఒక్క షడ్జముపై నిడుపాటి కమాను సాధన చేయనిండు.