ఖాన్జోన్‌కోవ్: కృతికర్తయా? కృతిభర్తయా?

రష్యా చలనచిత్ర చరిత్రను మన విమర్శకులు పలువురు 1925 నాటి ఐజెన్‌స్టీన్ చిత్రము ‘పొటెంకిన్ యుద్ధనౌక’తో ఆరంభింతురు. అంతకు పదునేడేండ్లకు పూర్వమే ఆ దేశమున కథాచిత్రములు వెలువడెను. వానినన్నిటిని విప్లవమునకు ముందరి వర్తకుల వినోదమని త్రోసివేయుట పరిపాటి యైనది. ఆ తీర్పు నిలువదనుటకు అలెగ్జాండర్ ఖాన్జోన్‌కోవ్ చరిత్ర చాలును. అయితే అతని పక్షము వహించువారును ఒక పొరపాటు చేయుదురు. అతనిని దర్శకునిగ నిలువబెట్టి ఆ తూనికతోనే తూచుదురు.

1877లో డాన్ కొసక్కుల కుటుంబమున జన్మించిన ఖాన్జోన్‌కోవ్ 1905లో సైనికోద్యోగమును విడిచి, మరుసటి యేడు మాస్కోలో చిత్రవ్యాపార సంస్థను నెలకొల్పెను. మొదట విదేశ చిత్రములను తెచ్చి అమ్మెడివాడు. తరువాత స్వయముగ నిర్మాణమునకు పూనుకొనెను.

దర్శకునిగ అతని కీర్తికి ఆధారము గొంచరోవ్‌తో కలసి తీసిన ‘సెవస్తొపోల్ రక్షణము’ (1911). ఇంచుమించు నూఱు నిమిషముల ఈ చిత్రము రష్యాలో మొదటి పూర్తినిడివి కథాచిత్రముగ గణింపబడుచున్నది. 1854-55 నాటి ముట్టడిని అది జరిగిన నేలమీదనే పునర్నిర్మించిరి. ఆ యేడే లివాదియా ప్రాసాదమున చక్రవర్తి రెండవ నికోలస్ దానిని చూచెను. నిష్పక్షపాతముగ చెప్పవలెనన్న దర్శకత్వమున నూతనత్వము స్వల్పము. కెమేరా దూరమున కదలక నిలుచును. దృశ్యములు పటములవలె ఒకదాని వెనుక నొకటి వచ్చును. కాని తుదిభాగమున ఆనాటి యుద్ధమున పాల్గొని బ్రదికియున్న వృద్ధసైనికులే తెరమీదికి వత్తురు. అంతవఱకు నటులను చూచుచున్న మనము ఆ ముఖములయెదుట నిశ్చేష్టులమగుదుము. ఈ యూహ దృశ్యరచనకు సంబంధించినది కాదు. ఎవరిని తెచ్చి నిలుపవలెనో ఎఱిగిన నిర్మాత యూహ.

మన ప్రబంధ సంప్రదాయమున కృతిభర్త కావ్యమును కోరును, వినును, కవిని సత్కరించును. ఖాన్జోన్‌కోవ్ అంతతో తృప్తుడు కాలేదు. కీటకశాస్త్రమున అభిరుచిగల స్టారెవిచ్ ఎండిన పురుగుల దేహములకు తీగలమర్చి, కొంచెముకొంచెముగ కదపుచు చిత్రము తీసెదనన్నప్పుడు అతనికి అవకాశమిచ్చెను. 1912లో ‘సుందరి లూకానిదా’ వెలువడగా, అవి శిక్షణ పొందిన నిజమైన పురుగులే యని కొందఱు నమ్మిరట! నాటకరంగమున దృశ్యాలంకరణము చేయుచుండిన బౌవర్ ఇతని సంస్థలోనే వెలుగునీడలతో భావమును పలికింపగల దర్శకుడయ్యెను. బౌవర్ చిత్రములకు రంగాలంకరణము చేయుటకు వచ్చిన యువకుడు కులెషోవ్. ఇతనియొద్ద చదివినవాడు పుదోవ్‌కిన్. విప్లవానంతర చిత్రకళ శూన్యమునుండి పుట్టినదనువారు ఈ పరంపరకు ఏమి సమాధానము చెప్పుదురో!

ధనమిచ్చినవానికి కళాగౌరవమేల యను ఆక్షేపణ కలుగవచ్చును. ధనమిచ్చినవారు మాస్కోలో మఱికొందఱును ఉండిరి. విజ్ఞానచిత్రములకై 1911లోనే ప్రత్యేకశాఖను ఏర్పఱచి, చలనచిత్ర పత్రికలను నడిపినవాని దృష్టిని లాభాపేక్ష యని మాత్రము వివరింపజాలము. భార్య అంతొనీనాతో కలసి ‘అంతాలెక్’ అను పేర కథలు వ్రాసెను. అక్కడ అతడు నిజముగ కృతికర్తయే.

పిదప దశ మాఱినది. 1917లో యాల్టాలో బౌవర్ మరణించెను; 1919లో చిత్రపరిశ్రమ జాతీయమయ్యెను; 1920లో ఖాన్జోన్‌కోవ్ దేశము విడిచెను. 1923లో తిరిగి వచ్చి ప్రభుత్వ సంస్థలలో కొలువు చేసెను. 1926లో ఒక సంస్థ అక్రమముల విచారణలో నిర్బంధింపబడి, సాక్ష్యము చాలక విడుదలయైనను, పౌరహక్కులను కోల్పోయి యాల్టా చేరెను. 1934లో అధికారులకు తానే వ్రాసికొన్న పిమ్మట హక్కులును, ఉపకారవేతనమును లభించెను. 1937లో అచ్చైన అతని స్మృతులను చదువువారు ఆ సంవత్సరమును మఱవరాదు. తన సేవను గూర్చి అందులో చెప్పుకొన్నదానికంటె చెప్పక విడిచినదే అధికమని నా అభిప్రాయము.

అతడు 1945లో యాల్టాలోనే మరణించెను. విప్లవపూర్వ చిత్రములు 1989లో ఇటలీలోని పొర్దెనోనె మూకచిత్రోత్సవమున విరివిగా ప్రదర్శింపబడినప్పుడు పాశ్చాత్య విమర్శకులు బౌవర్‌ను కొనియాడిరి. బౌవర్‌కు పని యిచ్చినవాని పేరు ఆ ప్రశంసలలో చాలవఱకు వెనుకనే నిలిచినది.