మేకకాళ్ళ దొరగారి ముస్తాబు

"అమ్మా, ఇది చూడు, నవ్వలేక చస్తావు," అంటూ మా అమ్మాయి నన్ను కంప్యూటరు ముందు కూచోబెట్టింది. బొమ్మల సినిమా. బ్రూనో బొజ్జెత్తో అనే ఇటలీ ఆయన 1976లో తీసిన 'అల్లెగ్రో నాన్ ట్రాప్పో'లో ఒక భాగం.

మేకకాళ్ళ వనదేవుడొకాయన ఉంటాడు. ముసలివాడు. పడుచు వనకన్యల వెంట పడతాడు. వాళ్ళు లక్ష్యపెట్టరు. పాపం, వయసు దాచుకోవడానికి ముస్తాబులు మొదలెడతాడు. భంగపడ్డప్పుడల్లా ఇంతింతై చిన్నబోతాడు. మాటవరసకి కాదు, నిజంగానే మనిషి కుంచించుకుపోతాడు. మా అమ్మాయి పగలబడి నవ్వింది. నేనూ మొదలెట్టాను గానీ, మధ్యలో ఆగిపోయాను. ఆ ఉదయమే తలకి గోరింటాకు పట్టించి గంటసేపు కూచున్నదాన్ని మరి!

దీని పుట్టుక ఒక కవితలో ఉంది. ఫ్రాన్సులో మలార్మే 1876లో అచ్చువేసిన 'ఫాన్ మధ్యాహ్నం'. దాని మీద దెబుస్సీ 1894లో సంగీతం కట్టాడు. 1912లో నిజిన్‌స్కీ దాన్ని నాట్యం చేశాడు. బొజ్జెత్తో పట్టుకున్నది ప్రధానంగా ఆ సంగీతాన్నే. కవితలో వనదేవుడికి ముసలితనం బాధ కాదు. నిద్ర లేచాక, తను చూసిన కన్యలు నిజమా, కలా అన్నదే ఆయన గొడవ. పేరు పెట్టి చెప్పేస్తే కవిత్వంలో ఆనందం చాలామట్టుకు పోతుందని మలార్మే నమ్మకం. మన పెద్దలు ధ్వని అన్నారే, ఇంచుమించు అదే.

చిక్కంతా అక్కడే ఉంది. బొమ్మ గీశాక ఇంకా సందేహమేమిటి? కన్య ఎదురుగా కనిపిస్తూనే ఉంటుంది. కల పోయి వెంటపడడం మిగిలింది. అంచేత సగం సినిమా దాకా, కవితని హాస్యకథ చేసి పారేశాడే అని విసుక్కున్నాను.

కానీ చివర చూడండి. చీమంత అయిపోయిన ఆ ముసలాయన కొండలూ లోయలూ దాటుకుంటూ ఒంటరిగా నడుస్తుంటాడు. అవి కొండలు కావు, పడుకున్న ఒక స్త్రీ దేహం. ఆ సంగతి మనకి తెలుస్తుంది. ఆయనకి తెలుసా? ఒక్కమాటా లేదు. మలార్మే మళ్ళీ వచ్చి కూచున్నాడనిపించింది.

అయినా నాకో తగువు మిగిలే ఉంది. వెంటబడితే పరిగెత్తడం, లేకపోతే నేలై పడుకోవడం — ఇవేనా ఆడవాళ్ళకి మిగిలిన పాత్రలు? వనకన్యకి మాత్రం జుట్టు నెరవదా? అప్పటికి బొజ్జెత్తోకి ముప్ఫై ఎనిమిదే, ఆ ఊహ తట్టలేదు కాబోలు. ముసలి వనకన్య కథ ఎవరైనా గీస్తే చెప్పండి. టిక్కెట్టు కొనుక్కుని మరీ వెడతాను, గోరింటాకు తలతోనే.