నీలి గుంటగలగర: శ్రీపర్వత సాహిత్యంలో లేని మూలికకు దక్కిన శక్తి

కీలకపదాలు: గుంటగలగర, సోమలత, శ్రీపర్వతం, రసగ్రంథాలు, గౌరన, పాదలేపం, జానపద విశ్వాసం

ఉపోద్ఘాతం

గుంటగలగర తెలియని పల్లె నల్లగొండ, మహబూబ్‌నగర్ ప్రాంతాల్లో అరుదు. చెరువుకట్ట దిగువన, వరిమడి గట్ల వెంట, కాలువ తడి పారే చోటల్లా అది మొలుస్తుంది. ఆకులు గరుకుగా, పూలు చిన్నవిగా, తెల్లగా ఉంటాయి. ఆకును నలిపితే పసరు మొదట పచ్చగానే ఉండి, గాలి తగిలిన కాసేపటికి నల్లబడుతుంది; నలిపిన వేళ్లకూ ఆ నలుపు అంటుకుంటుంది. ఆ పసరు పోసి కాచిన నూనె తలకు రాస్తారు. పసరులో తడిపి ఆరబెట్టిన గుడ్డను వత్తి చేసి, వెలిగించి కాటుక పడతారు. సంస్కృత వైద్యగ్రంథాలు భృంగరాజమని పిలిచేది, వృక్షశాస్త్రం ఎక్లిప్టా ప్రోస్ట్రేటా అని నమోదు చేసినది ఈ మొక్కనే.

ఇంత సామాన్యమైన మొక్కకు నిఘంటుకారులు ఒక అసామాన్యమైన తోబుట్టువును చేర్చారు. దాని పూలు నీలివని, అసలు శక్తి అంతా దానిదేనని చెప్పారు. తెలుగు సాహిత్య పరిశోధనలో ఇటువంటి ప్రస్తావనలు రెండు విధాలుగా వ్యర్థమవుతున్నాయి. ‘కావ్యాల్లో వైద్యవిజ్ఞానం’ వంటి శీర్షికల కింద కవి పేర్కొన్న ప్రతి మూలికకూ ఒక లాటిన్ పేరు వెతికి పట్టిక వేయడం ఒక పద్ధతి. మూఢనమ్మకమని ఒక్క వాక్యంలో తోసివేయడం రెండవది. మొదటిది లేని మొక్కను ఉన్నట్లు నమోదు చేస్తుంది. రెండవది ఆ లేని మొక్కను ఎవరు, ఎందుకు, ఏ క్రమంలో కల్పించారన్న ప్రశ్ననే మూసివేస్తుంది. ఆ ప్రశ్నకు శ్రీపర్వత పరిసరాల సాహిత్యంలో తగినంత సమాధానం ఉంది.

శక్తి వలస

వాగ్భటుని అష్టాంగహృదయం ఉత్తరస్థానంలో భృంగరాజ రసాయనం ఉంది. ఒక నెలపాటు రోజూ ఆకు రసం తాగుతూ, పాలే ఆహారంగా ఉన్నవారు బలవీర్యాలతో నూరేళ్లు జీవిస్తారని దాని సారాంశం. ఇక్కడ రంగుల ప్రసక్తి లేదు, అరుదైన రకం ప్రసక్తీ లేదు. గట్టు మీది మొక్కే మందు. దానికి చెప్పిన ఫలం కూడా మితమైనదే. నూరేళ్లంటే వైదిక వాఙ్మయం మనిషికి మొదటి నుంచీ ఇచ్చిన ఆయువే.

నరహరి పండితుని రాజనిఘంటువుకు వచ్చేసరికి భృంగరాజం మూడు రకాలైంది. తెల్లపూలది ఒకటి. పసుపుపూలది స్వర్ణభృంగారం, ఇది వృక్షశాస్త్రంలో వేరే మొక్క. మూడవది నీలిపూలది: మహానీలం, నీలపుష్పం, శ్యామలం అని దాని పర్యాయాలు. కంటికి మేలు, వెంట్రుకల నలుపు, కఫశోఫవిషాల హరణం మూడింటికీ ఉమ్మడిగా చెప్పి, రసాయనగుణాన్ని మాత్రం నీలిదానికే ప్రత్యేకించాడు నిఘంటుకారుడు. వాగ్భటుడు సామాన్యమైన మొక్కకు ఇచ్చిన గుణమే ఇది. ఎక్లిప్టా ప్రోస్ట్రేటాకు నీలిపూలు లేవు. కంటికి మేలు, జుట్టుకు నలుపు దొరికే మొక్కలో మిగిలాయి. దీర్ఘాయువు దొరకని మొక్కకు తరలిపోయింది.

ఈ తరలింపుకు కారణం ఊహించడం కష్టం కాదు. గట్టు మీది ఆకు ఎవరైనా కోసుకోవచ్చు, నెలరోజులు తాగి చూడవచ్చు, నూరేళ్లు బతకని వారిని లెక్కపెట్టవచ్చు. అందరికీ అందే మొక్కకు అద్భుతశక్తి ఎక్కువ కాలం నిలవదు. అయితే శాస్త్రవాక్యం అబద్ధమని చెప్పడం కంటే, శాస్త్రం చెప్పిన మొక్క ఇది కాదని చెప్పడం సులువు. నీలి గుంటగలగర ఆ అవసరం నుంచి పుట్టిందని భావించడానికి అవకాశముంది.

కల్పన పూర్తిగా గాలిలోంచి రాలేదన్నది మరొక విశేషం. తెల్లపూల మొక్కలో నల్లని పసరు దాగి ఉండడం ప్రత్యక్షానుభవం. లోపలి నలుపు పూతకు ఎక్కితే ఎలా ఉంటుందన్న ఊహకే నీలపుష్పమని పేరు. నీలశబ్దం సంస్కృతంలో నీలిమకూ నలుపుకూ చెల్లుతుంది కనుక ఆ ఒక్క అడుగుకు భాష కూడా తోడ్పడింది. రంగును బట్టి రకాలు విడదీయడం తెలుగు పల్లెకూ అలవాటే. తెల్ల గలిజేరు, ఎర్ర గలిజేరు. తెల్ల చిత్రమూలం, ఎర్ర చిత్రమూలం. తెల్ల జిల్లేడు, తెల్ల గురివింద – ఇవన్నీ కంటికి కనిపించేవే. నిజమైన జంటలు ఇన్ని ఉన్నందువల్లనే లేని మూడవది నమ్మదగినదిగా తోస్తుంది.

ఛందస్సులే మొక్కలైన చోటు

ఈ పద్ధతికి పాత నమూనా సుశ్రుతసంహిత చికిత్సాస్థానం ఇరవైతొమ్మిదో అధ్యాయంలో ఉంది. అక్కడ సోమం ఒక్కటే అయినా 24 రకాలుగా చెప్పబడింది. అన్నిటికీ పదిహేనేసి ఆకులు. శుక్లపక్షంలో రోజుకొకటి మొలిచి, కృష్ణపక్షంలో రోజుకొకటి రాలుతాయి. చంద్రమా అనే రకం బంగారు వన్నెతో ఎప్పుడూ నీటిలో సంచరిస్తుంది. గరుడాహృతం, శ్వేతాక్షం పాము కుబుసాల్లా చెట్టు కొనల నుంచి వేలాడుతాయి. బంగారు సూదితో కందాన్ని గుచ్చి, పాలను బంగారు పాత్రలో పట్టి తాగినవాని పాత చర్మం, గోళ్లు, వెంట్రుకలు ఊడి కొత్తవి వస్తాయి; ఆయువు పదివేల ఏళ్లు.

ఈ పేర్లను వృక్షనామాలుగా చదివినవారు ఎప్పుడూ తికమకపడ్డారు. పేర్లనే పరిశీలిస్తే విషయం తేటపడుతుంది. గాయత్రం, త్రైష్టుభం, పాంక్తం, జాగతం వైదిక ఛందస్సుల నుంచి వచ్చాయి. అగ్నిష్టోమం యాగం పేరు. గరుడాహృతం గరుత్మంతుడు అమృతం తెచ్చిన కథకు సంక్షేపం. జాబితాలో ఈ భాగాన్ని కూర్చినవాని ముందు ఉన్నది అడవి కాదు, వేదవాఙ్మయం. సోమం గుర్తింపు మరుగునపడిన తర్వాత దాని చుట్టూ మిగిలిన మాటలే దాని రకాలయ్యాయి.

సోమం దొరికే చోట్లను చెప్పే జాబితాలో హిమవంతం, సహ్యం, మహేంద్రం, మలయం వంటి వాటి సరసన శ్రీపర్వతమూ ఉంది. ఆ వెంటనే ఒక షరతు: అధర్మపరులకు, కృతఘ్నులకు, మందును ద్వేషించేవారికి, బ్రాహ్మణద్వేషులకు అవి కనబడవు. మొక్క దొరకలేదంటే లోపం గ్రంథానిది కాదు, వెతికినవానిదే. హోమర్ ఒడిస్సీ పదవ సర్గలో హెర్మెస్ ఇచ్చే మోలీ అనే మూలికకు వేరు నల్లన, పువ్వు పాలతెలుపు. దాన్ని తవ్వడం మర్త్యులకు కష్టం, దేవతలకు సాధ్యం. రంగుల వైరుధ్యం, అర్హత షరతు – రెండూ అక్కడా కనిపిస్తాయి. అయితే గ్రీకు కవి మూలిక ఒకే ఒక్క వీరునికి ఒకేసారి దొరికింది. సుశ్రుతుని జాబితా చికిత్సావిధి రూపంలో ఉంది కనుక తరతరాల పాటు వెతికించింది.

శ్రీపర్వతం: దిక్కులు చెప్పిన రసగ్రంథాలు

శ్రీపర్వతమన్న పేరు నేటి శ్రీశైలానికి స్థిరపడకముందు విజయపురి కొండలకూ ఉండేది. నాగార్జునకొండ లోయలో దొరికిన ఇక్ష్వాకుల కాలపు శాసనాల్లో సిరిపవతం కనిపిస్తుంది. ఆ లోయకు ఎదురు ఒడ్డు నల్లగొండ సీమ. కృష్ణకు ఎగువన శ్రీశైలానికి పశ్చిమద్వారం అలంపురం, ఉత్తరద్వారం ఉమామహేశ్వరం; 2016 పునర్విభజనకు ముందు రెండూ మహబూబ్‌నగర్ జిల్లాలోనివే. అలంపురం ఆలయాలకు రససిద్ధుని ఐతిహ్యం ముడిపడి ఉంది. ఏడవ శతాబ్దిలో భారతదేశానికి వచ్చిన చైనా యాత్రికుడు హ్యూయన్‌త్సాంగ్, నాగార్జునుడు రాళ్లను బంగారంగా మార్చి కొండమీది విహార నిర్మాణాన్ని గట్టెక్కించాడన్న కథను నమోదు చేశాడు. మాధ్యమిక దార్శనికుడు, రసవాది ఒక్కరు కారన్నది నేటి పండితుల్లో ఎక్కువమంది అభిప్రాయమైనా, ఈ కొండల కథల్లో ఇద్దరూ కలిసిపోయారు.

నిత్యనాథుని రసరత్నాకరం రసాయనఖండంలో శ్రీపర్వతానికి ప్రత్యేకమైన అధ్యాయమే ఉంది. దాని శైలి చిత్రమైనది. ఫలానా దేవునికి ఫలానా దిక్కున ఇంత దూరంలో ఫలానా చెట్టు, గుహ, రాయి అంటూ బాటసారికి దారి చెప్పినట్లు సాగుతుంది. త్రిపురాంతక పరిసరాల్లోని ఒక చింతచెట్టు ఆకులు నీటిలో చేపలవుతాయి. ఇక్కడ నీలిపూలు, పదిహేను ఆకుల వంటి గుర్తులు అక్కరలేదు. చింత అన్ని ఊళ్లలోనూ ఉన్న చింతే, కాని శక్తి ఆ ఒక్క చెట్టుదే. రంగు చేసే పనిని ఈ గ్రంథంలో చోటు చేస్తుంది. నిఘంటువు రకాన్ని కల్పిస్తే, రసగ్రంథం చిరునామాను కల్పించింది. అంత కచ్చితమైన చిరునామా ఉన్నచోట వెళ్లి చూసినవారు ఏమయ్యారన్న ప్రశ్న సహజంగా వస్తుంది. దానికి జవాబు కోసం చూడవలసింది తెలుగు కవుల వైపు.

విఫలమయ్యే మూలిక

గౌరన రాచకొండ రేచర్ల వెలమ ప్రభువుల ఆస్థానంతో సంబంధమున్న కుటుంబంలోని కవి. రాచకొండ పాత నల్లగొండ జిల్లాలోనిది. శ్రీశైలం భిక్షావృత్తి మఠాధిపతి ప్రేరణతో ఆయన నవనాథచరిత్రను ద్విపదగా రచించాడు. 1937లో కోరాడ రామకృష్ణయ్య సంపాదకత్వంలో మద్రాసు విశ్వవిద్యాలయం దాన్ని ప్రకటించింది. మఠం కోరిన కావ్యం కనుక సిద్ధుల మహిమలకు అందులో కొరత లేదు. అయినా శ్రీశైలాన్నే బంగారుకొండగా మార్చబూనిన సిద్ధ నాగార్జునుని ఉదంతం నెరవేరని యత్నంగానే మిగులుతుంది. రసగ్రంథాల పాఠకునికి ఇది ఎదురుదెబ్బ. మఠం ఆదరించిన కవే, మఠం కొలువైన కొండ మీదనే, రసవాదానికి హద్దు గీశాడు. కొండ రాతికొండగా ఉండడం శ్రోతలకు కంటి ముందరి నిజం కాబట్టి మరొక ముగింపు సాధ్యం కాదనవచ్చు. ఆ నిజాన్ని దాచడానికి కృతఘ్నులకు కనబడదన్న షరతును ఆశ్రయించకపోవడమే కావ్యధర్మం.

పెద్దన మనుచరిత్రలోని పాదలేపం ఈ ప్రాంతానికి చెందినది కాకపోయినా పోలికకు తప్పనిసరి. సిద్ధుడు ఇచ్చిన మందు కాళ్లకు పూసుకుని ప్రవరుడు హిమాలయం చేరుతాడు, మంచునీటికి లేపం కరిగిపోతుంది, తిరిగి రాలేకపోతాడు. ఈ వైఫల్యం మార్కండేయపురాణంలోనిదే, మారన తెలుగులోనూ ఉన్నదే. పెద్దన దాని నుంచి రాబట్టుకున్నది వేరు. ఆ మూలిక ఏదో, దాని ఆకు ఎలాంటిదో అతడు చెప్పడు. మూలిక కథను మొదలుపెట్టి తప్పుకుంటుంది; తర్వాత మిగిలేది ఇల్లు చేరాలన్న గృహస్థు ఆరాటం, వరూధిని కోరిక. పాదలేపానికి వృక్షనామం వెతకడం ఈ కావ్యంలో జరుగుతున్నదేమిటో చూడకపోవడమే.

శాస్త్రగ్రంథం మూలిక శక్తిని కాపాడుకుంటూ పోతే, తెలుగు కావ్యం దాన్ని విఫలం చేసి కథ నడిపింది. కావ్యంలోని మూలికా ప్రస్తావనను శాస్త్రానికి సాక్ష్యంగా ఉటంకించే పరిశోధన ఈ భేదాన్ని గమనించాలి.

బంగారు సూది, తవ్వుకోల

సోమకందాన్ని బంగారు సూదితో గుచ్చాలని శాస్త్రం చెప్పిన కొండల్లోనే చెంచులు ఇనుప మొన ఉన్న తవ్వుకోలతో గడ్డలు తవ్వుకుని తింటూ బతికారు. 1940 ప్రాంతంలో అమ్రాబాద్ పీఠభూమిలో క్షేత్రపర్యటన చేసి, 1943లో చెంచుల మీద గ్రంథం ప్రకటించిన హైమెన్‌డార్ఫ్ వారి జీవనంలో ఈ గడ్డల ప్రాధాన్యాన్ని వివరంగా చూపాడు. ఏ కాలంలో ఏ తీగ ఎక్కడ ఎండుతుందో, దాని కింద గడ్డ ఎంత లోతున ఉంటుందో తెలియనిదే ఆ బతుకు సాగదు. మూలికల సాహిత్యంలో ఈ జ్ఞానానికి దక్కిన స్థానం సిద్ధుల మహిమలతో పోలిస్తే స్వల్పం. కాటుక పట్టిన స్త్రీలకు నిఘంటువులో చోటు లేనట్లే, రోజూ పరీక్షకు నిలిచే తెలివికి ఘనత దక్కలేదు.

జానపద విశ్వాసం శాస్త్రం కంటే అమాయకమన్న అభిప్రాయాన్ని కూడా సవరించుకోవాలి. తెలుగు పల్లెల్లో వినిపించే సంజీవని కథలో, జెముడుకాకి తన గూటిలో ఒక పుల్ల దాచుకుంటుంది. గూడు తెచ్చి వాగులో వదిలితే మిగతా పుల్లలన్నీ ప్రవాహం వెంట పోతాయి, సంజీవని ఒక్కటే ఎదురీదుతుంది. సుశ్రుతుని చంద్రమా సోమం కూడా నీటిలో సంచరించేదే. కాని అక్కడ చూడడానికి పుణ్యం కావాలి, ఇక్కడ ఒక గూడు, ఒక వాగు చాలు. కులం, గుణం, గురువు ఏదీ అడగదు ఈ కథ. పరీక్ష కథలోనే ఉంది, ఎవరైనా చేసుకోవచ్చు. అందుకే ఇందులో నష్టం కూడా వేరు: కథను నమ్మినవాడు వెతికేది మొక్కను కాదు, గూటిని. గూడు పీకి వాగులో వదిలిన ప్రతిసారీ పుల్లలన్నీ దిగువకే పోతాయి; ఆ ఏడు ఆ పొదలో పిల్లలు ఉండవు.