ఇంగ్లీషు మాట: పలుకుబడి, అర్థం

చంద్రపూర్ తెలుగు విద్యార్థికి మన ఇంగ్లీషు–తెలుగు నిఘంటువులు ఎంతవరకు ఉపకరిస్తున్నాయో పరిశీలిద్దాం. ఈ జిల్లాకు తెలుగు కొత్త కాదు. ఇందులోని రాజురా ప్రాంతం 1956 వరకు హైదరాబాదు రాష్ట్రంలోని ఆదిలాబాదు జిల్లాలో ఉండేది. అయితే ఇంట తెలుగు, బడిలో మరాఠీ ఉన్న విద్యార్థి ఇంగ్లీషు మాటను ఈ రెండింటి గుండా అందుకుంటున్నాడు.

ముందుగా ఉచ్చారణ. గెట్, గేట్ అనే రెండు మాటలకు మరాఠీలో రాత ఒక్కటే. అక్కడ ఎకార ఏకారాలకు వేర్వేరు గుర్తులు లేవు. తెలుగులో ఆ చిక్కు లేదు. కాని ‘బ్యాట్’ అని రాయడానికి మనం యకారాన్ని తెచ్చుకుంటాం. మరాఠీకి అర్ధచంద్రాకారపు గుర్తు ఒక్కటి చాలు. ఆ అచ్చు మనకు పరాయిదేమీ కాదు. కోస్తావారు ‘వచ్చాడు’ అన్నప్పుడు చకారం మీద వినబడేది ఇంచుమించు అదే. ధ్వని ఉంది, గుర్తు లేదు. రెండు లిపులూ తెలిసిన విద్యార్థికి ఇది లోటు కాదు, లాభం.

ఇక అర్థం. బొగ్గుగనుల సీమలో ‘గోఫ్’ అనే అరుదైన మాట అవసరమవుతుంది. బొగ్గు తీసేశాక గనిలో మిగిలే ఖాళీ అది. దీనికి ‘శూన్యప్రదేశం’ అని ఒక్క సంస్కృత పదం ఇస్తే తప్పనలేం. కాని అక్కడ పైకప్పు కూలుతుందనీ, లోపలికి పోరాదనీ ఆ పదం చెప్పదు. ‘సబ్సిడెన్స్’ అంటే అలాంటి ఖాళీ మీద నేల కుంగడం. దీన్ని ‘సబ్‌సైడెన్స్’ అని పలికినా ఒప్పే. ఈ సంబంధం చెప్పకుండా ‘అవనతి’ అని సరిపెడితే విద్యార్థి ఆ అర్థానికి మళ్లీ అర్థం వెతుక్కోవాలి.

1852లో మద్రాసులో అచ్చయిన బ్రౌన్ ఇంగ్లీషు–తెలుగు నిఘంటువు నుడికారాల వివరణనూ, మాటల ఉచ్చారణనూ తన పేరులోనే చేర్చుకుంది. పర్యాయపదాలు పేర్చి ఊరుకునే నేటి చిన్న నిఘంటువులు ఆ ఆదర్శానికి దూరంగా ఉన్నాయని మా అభిప్రాయం.

అటువంటి నిఘంటువు వచ్చేదాకా విద్యార్థులు సొంతంగా ఒక నోటుపుస్తకం పెట్టుకోవచ్చు. ప్రతి కొత్త మాటకూ పలుకుబడిని రెండు లిపుల్లో రాసి, అర్థాన్ని ఇంట్లో అమ్మకు చెప్పినట్లు ఒక వాక్యంలో రాయాలి. ఆమెకు తెలిసిందంటే అర్థం కుదిరినట్టే.