ఎవరును అడుగని సమ్మతి: 'ఆప్‌కా బంటీ'

దంపతుల కలహము నవలాకారులకు చిరపరిచితమైన వస్తువు. కాని వారిరువురును కలహము చాలించి, మర్యాదగా విడిపోవ నిశ్చయించుకొనిన పిదప నడుమనున్న బిడ్డ గతియేమి? హిందీ రచయిత్రి మన్నూ భండారీ ఈ ప్రశ్నను ఆధారముగా గొని వ్రాసిన నవల 'ఆప్‌కా బంటీ'. ఇది 1971లో గ్రంథరూపమున వెలువడినది.

కథ స్వల్పము. శకున్ ఒక మహిళా కళాశాలకు ప్రిన్సిపాలు. భర్త అజయ్ కలకత్తాలో వేరుగా నివసించుచుండును. ఏండ్లతరబడి సాగిన యెడబాటు విడాకులతో ముగియును. అజయ్ మీరాతో కొత్త సంసారము నేర్పరచుకొనును. శకున్ డాక్టరు జోషీని పెండ్లాడును. జోషీకి గతించిన భార్యవలన ఇద్దరు పిల్లలు కలరు. ఆ యింట ఇముడలేని బంటీ తండ్రికడకు పోవును. అక్కడను చోటు కుదురక తుదకు హాస్టలు దారి పట్టును.

ఈ కథలో దుష్టులు లేరు. విడాకుల కాగితములు తెచ్చిన వకీలు చాచా శ్రేయోభిలాషియే. జోషీ సహృదయుడు. తండ్రి వచ్చినప్పుడెల్ల బొమ్మలు తెచ్చును. తల్లి చదువునకు గాని తిండికి గాని లోటు చేయదు. అందరును తమ ధర్మమును నెరవేర్చుచునే యుందురు. అయినను బాలుడు నిరాశ్రయుడగును. తాను పెంచుకొనిన తోట పాత యింటనే నిలిచిపోవును. కథలు చెప్పి నిదురపుచ్చిన ఫూఫీ హరిద్వారమునకు వెడలిపోవును. పెద్దలకు అది యిల్లు మారుటయే. పసివానికి లోకమే మారుట.

నవల వెలువడిన నాటికి 1955 నాటి హిందూ వివాహచట్టములో పరస్పర సమ్మతితో విడాకులు పొందు నిబంధన లేదు. 13-బి సెక్షనుగా అది 1976లో చేరినది. ఒక యేడాదియైనను వేరుగా నుండుట, అర్జీ పెట్టిన పిదప సాధారణముగా ఆరు నెలలు వేచియుండుట అందలి నియమములు. ఈ గడువు భార్యాభర్తల మనస్సు మారునేమో యను ఆశతో పెట్టినది. బిడ్డల సంరక్షణ, పోషణ, విద్య గూర్చి, సాధ్యమైనచో వారి కోరిక ననుసరించి, ఉత్తరువు లిచ్చు అధికారమును 26వ సెక్షను న్యాయస్థానమున కొసగినది. 1956 నాటి మైనర్ల సంరక్షణచట్టము బిడ్డ క్షేమమే సర్వప్రధానమని శాసించినది. కనుక వివాహబంధముతోపాటు తల్లిదండ్రుల బాధ్యత తెగదని చట్టము ఎరుగును. అయితే న్యాయస్థానము పోషణవ్యయమును నిర్ణయింపగలదు గాని, 'ఇది నా యిల్లు' అను నమ్మకమును బిడ్డకు ఇప్పింపజాలదు. భండారీ నవల మొదలగునది ఇచ్చటనే.

శిల్పమున ఒక చిక్కు కలదు. కథ చాలవరకు బంటీ కన్నులతో చూచినదగుటచే, దగ్గరనున్న తల్లి చేయు ప్రతి పనియు ద్రోహముగా తోచును. దూరముననున్న తండ్రి యుపేక్ష అంతగా కంటబడదు. తత్ఫలితముగా, తల్లి మరల పెండ్లాడుటయే దోషమని తీర్పుచెప్పుట పాఠకునకు సులభమగును. ఆ తీర్పు అన్యాయము. శకున్‌కు నూతన జీవితమును కోరు హక్కు లేదని నవల ఎచ్చటను చెప్పదు. ఆమె అంతరంగమును తెలుపు ఘట్టములను రచయిత్రి వేరుగా కల్పించిరి. అజయ్‌ను నొప్పించుటకు బిడ్డను ఆయుధముగా వాడుకొంటినని ఆమె తనలో తాను గుర్తించుట ఈ నవలలోని అత్యంత నిజాయితీగల ఘట్టము. పాపము పునర్వివాహమున లేదు; బిడ్డను ఒకరిపై ఒకరు సాధించిన విజయముగా లెక్కించుటలో కలదు. ఆ లెక్కలో అజయ్‌కును సమభాగము కలదు.

'ఆప్‌కా బంటీ' యనగా 'మీ బంటీ'. తల్లికిని తండ్రికిని కాకపోయిన బాలుని రచయిత్రి పాఠకుల చేతులలో పెట్టిరి. అతనిని జూచి కన్నీరు కార్చి ఊరకుండుట ఈ నవలకు తగిన సమాధానము కాదు. విడిపోవుటకు ఇరువురి సమ్మతి చాలును. ఆ పిదప ఎట్లు బ్రతుకవలెనను నిర్ణయములలో మూడవవాని మాటయు వినవలెను. బంటీని ఆ మాట అడిగినవారు లేరు.