లింటెల్ గురించి అడిగిన ప్రశ్న

హెచ్.సి. పాటర్ దర్శకత్వంలో 1948లో వచ్చిన హాలీవుడ్ హాస్యచిత్రం ‘మిస్టర్ బ్లాండింగ్స్ బిల్డ్స్ హిజ్ డ్రీమ్ హౌస్’ను ఈ వారం మళ్ళీ చూసినప్పుడు, క్యారీ గ్రాంట్, మిర్నా లోయ్‌ల నటన కన్నా, కట్టుబడి పని గురించి ఆ చిత్రానికున్న కచ్చితమైన అవగాహనే ఎక్కువ సంతోషం కలిగించింది. న్యూయార్క్‌లోని ఇరుకు అపార్ట్‌మెంటులో భార్య మ్యూరియల్, ఇద్దరు కూతుళ్ళతో ఉంటున్న జిమ్ బ్లాండింగ్స్ అనే ప్రకటనల రచయిత కనెక్టికట్ పల్లెసీమలో ఒక పాత ఇల్లు కొని, అది నిలవదని ఇంజనీర్లు తేల్చాక కూల్చివేయించి, ఆ స్థలంలో కొత్త ఇల్లు కట్టించడమే ఇందులోని కథ. కూల్చేముందు తనఖాదారు అనుమతి తీసుకోవలసి ఉండేదని కూల్చిన తరువాతే అతనికి తెలుస్తుంది. నీటి కోసం బోరు ఎంతో లోతుకు దిగవలసి రాగా, నేలమాళిగకు తవ్విన చోట కొద్ది అడుగులకే ఊట పడుతుంది.

‘ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు’ అని తరతరాలుగా చెప్పుకొనే తెలుగువారికి ఈ కష్టాలను విడమరచి చెప్పనవసరం లేదు. ఈ శీర్షికను క్రమం తప్పక చదివేవారికి ఇక్కడ పదేపదే వినిపించే వాదన కూడా కొత్త కాదు: గదుల కొలతలు, గోడల సామగ్రి అన్నీ కాగితం మీదికి ఎక్కేవరకు ముగ్గు పోయకూడదు, పోసిన తరువాత యజమాని నేరుగా మేస్త్రికి ఏ మార్పూ చెప్పకూడదు. బ్లాండింగ్స్ కథ పైకి ఈ వాదనకు బలమైన సాక్ష్యంగానే కనిపిస్తుంది.

ఆ సాక్ష్యాలలో మొదటిది వడ్రంగి దృశ్యం. మేడ మీద లాలీ స్తంభాల మధ్యనున్న లింటెళ్ళకు గాడి తీయాలా వద్దా అని వడ్రంగి అడుగుతాడు. లింటెల్ అంటే తలుపు, కిటికీల వంటి ఖాళీల పైన గోడ బరువును మోసే అడ్డదూలం. లాలీ స్తంభమంటే లోపల కాంక్రీటు నింపిన ఉక్కు గొట్టం. ఇక్కడ గాడి తీయడమంటే మరో చెక్క వచ్చి ఇమిడేలా ఒక చెక్క అంచును మెట్టుగా కోయడం. వీటిలో ఒక్కటీ తెలియని బ్లాండింగ్స్, ఆ మాట ఒప్పుకోవడానికి మొహమాటపడి, అక్కర్లేదేమోనని జవాబిస్తాడు. మరుక్షణమే వడ్రంగి, గాడి తీసి బిగించినవేమైనా ఉంటే పీకేయమని పనివాళ్ళకు కేకవేస్తాడు.

రెండో సాక్ష్యం మ్యూరియల్ కోరిక. పూలు సర్దుకొనే చిన్న గదిలో మిగిలిపోయిన రాతి పలకలు పరిస్తే బాగుంటుందని ఆమె అంటుంది. రాతి పలకల కింద కాంక్రీటు పొర ఉండాలి, ఆ మందానికి చోటు కావాలంటే నేలను మోసే దూలాలను కోయాలి, కోసినందుకు బలం చేకూర్చాలి, అడ్డు వచ్చిన గొట్టాలను మళ్ళించాలి. చివరికి బిల్లు 1,247 డాలర్లు అవుతుంది. మన కాంట్రాక్టర్లు ఎక్స్‌ట్రా వర్క్ అనే పద్దు పుట్టే తీరును ఇంత స్పష్టంగా చూపిన చిత్రాలు అరుదు.

ఈ స్పష్టత స్వానుభవం నుంచి వచ్చింది. ‘ఫార్చ్యూన్’ పత్రిక సంపాదకుడిగా పనిచేసిన ఎరిక్ హాడ్జిన్స్, కనెక్టికట్‌లోని న్యూ మిల్‌ఫోర్డ్ దగ్గర కట్టించుకొని, ఖర్చు అంచనాలను దాటిపోగా అమ్ముకోవలసి వచ్చిన ఇంటి అనుభవాన్ని 1946లో మొదట అదే పత్రికలో కథగా, ఆపైన నవలగా వెలువరించాడు. అప్పటికి రెండో ప్రపంచయుద్ధం ముగిసి, సైనికులు తిరిగివచ్చి, అమెరికాలో ఇళ్ళ కొరత తీవ్రంగా ఉంది. వారి గృహరుణాలకు ప్రభుత్వ హామీ కల్పించే చట్టం 1944లోనే వచ్చింది. చిత్రం విడుదలైనప్పుడు ప్రచారం కోసం అమెరికా అంతటా 70కి పైగా ‘కలల ఇళ్ళు’ కట్టించి, వాటిలో కొన్నింటిని లాటరీ పద్ధతిన ఇచ్చారు. చిత్రీకరణకు కట్టిన ఇల్లు కాలిఫోర్నియాలోని మాలిబు క్రీక్ స్టేట్ పార్కులో నిలిచి, పార్కు కార్యాలయంగా ఉపయోగపడింది. ఇల్లు కట్టవద్దని చెబుతున్నట్లుండే కథను ఆనాటి ప్రేక్షకులు కట్టుకోవాలన్న ఆశతోనే చూశారనడానికి ఇంతకన్నా నిదర్శనం అక్కర్లేదు.

అయితే అంతా ముందే తేల్చుకోవాలన్న వాదన రంగుల దృశ్యం దగ్గర నిలవదు. ఏ గదికి ఏ ఛాయ కావాలో మ్యూరియల్ నమూనాలతో సహా వివరిస్తుంది; ఒకచోట వెన్నను, మరోచోట దారపు ముక్కను గుర్తుగా చెబుతుంది. ఆమె వెళ్ళగానే పెయింటర్ దాన్నంతటినీ ఎరుపు, ఆకుపచ్చ, నీలం, పసుపు, తెలుపు అనే ఐదు పేర్లకు కుదించేస్తాడు. ప్రేక్షకులు సాధారణంగా ఆమె పట్టింపును చూసి నవ్వుతారు కానీ, మొత్తం చిత్రంలో తనకు కావలసినదేమిటో సంపూర్ణంగా చెప్పినది ఆమె ఒక్కతే. చెప్పడంలో లోపం లేకపోయినా పని చెడేలా ఉందంటే, లోపం వినేవారి వైపు ఉన్నట్లే. ఆ దృష్టితో వెనక్కి చూస్తే వడ్రంగి ప్రశ్న కూడా వేరుగా కనిపిస్తుంది. జవాబు వల్ల ఎంత పని పెరుగుతుందో తెలిసినవాడు అతడే. అది చెప్పకుండా అడిగినది ప్రశ్న అనిపించుకోదు, బాధ్యతను తెలియనివాడి మీదికి నెట్టడం మాత్రమే అవుతుంది.

చివరికి ఆ ఇంటిని, బ్లాండింగ్స్ ఉద్యోగాన్ని నిలబెట్టేది లూయీజ్ బీవర్స్ పోషించిన నల్లజాతి పనిమనిషి గస్సీ. ఆరు నెలలుగా అతనికి తట్టని హామ్ (పందిమాంసం) ప్రకటన వాక్యం వంటింటి మాటల్లో ఆమె నోట యథాలాపంగా వస్తుంది. దానికి ఆమెకు దక్కినది పది డాలర్ల జీతం పెంపు. ఇందరు నిపుణుల మధ్య సరైన మాట తెలిసిన మనిషిని ఎవరూ అడగలేదు, ఆమె చెప్పినదానికి తగిన విలువా కట్టలేదు. చిత్రంలో నిజంగా బాధపెట్టేది ఈ అన్యాయమే.

కాబట్టి ప్లాను ముందే పూర్తికావాలన్న పాత పట్టుదలను ఈ శీర్షిక సడలించుకోవలసి ఉంది. కట్టేకొద్దీ ఇంటివారికి కొత్త అవసరాలు తోచడం సహజం, అది తప్పు కాదు. ప్రతి మార్పుకూ ఎంత పని, ఎంత ఖర్చు అన్నది మేస్త్రి, ఇంజనీరు ముందుగా చెప్పి తీరాలి. అర్థం కాని ప్రశ్నకు అవుననీ కాదనీ అనకుండా, అర్థమయ్యేలా చెప్పమని అడిగే హక్కు యజమానికి ఉండాలి.